ప్రొజెక్టర్‌లో ఫిల్మ్ ఆగి ఆగి ఎందుకు నడుస్తుంది?

ప్రశ్న:
ఒక పాత థియేటరులో 35 ఎం.ఎం. ప్రొజెక్టర్ పక్క తలుపు తెరిచి, నడుస్తుండగా చూపించారు. పై రీలు నుంచి ఫిల్మ్ నిలకడగానే దిగుతోంది, కింది రీలుకూ నిలకడగానే చుట్టుకుంటోంది. లెన్సు వెనుక మాత్రం టకటకమంటూ కుదుపుతో కదులుతోంది. అక్కడ పైనా కిందా ఫిల్మును బిగించకుండా వంపు తిప్పి వదిలారు. ఆ కుదుపు ఎందుకు, ఆ వంపులు ఎందుకు? తెలిసినవారు వివరించగలరు.

సమాధానం 1:
ఫిల్మ్ ఆగకుండా జారిపోతే తెర మీద బొమ్మ ఉండదు, నిలువు చారలే ఉంటాయి. అందుకే ప్రతి ఫ్రేమూ (ఫిల్మ్ మీది ఒక్కో బొమ్మ) లెన్సు వెనుక గేటులో, అంటే వెలుగు పడే కిటికీలో, కాసేపు కదలకుండా నిలవాలి. ఆ పని మాల్టీస్ క్రాస్ అనే నాలుగు గాడుల చక్రానిది. దాన్ని తిప్పే పిన్ను తన చుట్టులో నాలుగో వంతు సేపే గాడిలో ఉండి క్రాసును పావు చుట్టు తిప్పుతుంది. మిగతా ముప్పావు సేపు క్రాసు బిగిసి నిలిచిపోతుంది. ఆ పావు చుట్టుకు, క్రాసుతో కలిసి తిరిగే 16 పళ్ల చక్రం (స్ప్రాకెట్) ఫిల్మును అంచున ఉండే నాలుగు రంధ్రాల మేర, అంటే సరిగ్గా ఒక ఫ్రేము, కిందికి లాగుతుంది. ఇలా సెకనుకు 24 సార్లు. లాగే క్షణంలో షట్టరు రెక్క వెలుగును ఆపుతుంది. రెండో రెక్క నిలిచి ఉన్న ఫ్రేమునే మరోసారి మూసి తెరుస్తుంది, ఎందుకంటే సెకనుకు 24 మెరుపులైతే కంటికి మినుకు తెలుస్తుంది, 48 అయితే అంతగా తెలియదు. హాల్లో కూర్చున్నంతసేపూ దాదాపు సగం కాలం తెర చీకటిగానే ఉంటుందన్నది నన్ను ఇప్పటికీ అబ్బురపరుస్తుంది.

సమాధానం 2:
నేను ఆపరేటరుగా పనిచేసినవాణ్ని. బొమ్మకు కుదుపు కావాలి, శబ్దానికి అది పనికిరాదు. ఫిల్మ్ అంచు పక్కనే ముద్రించి ఉండే శబ్దపు చార (సౌండ్ ట్రాకు)ను చదివేచోట ఫిల్మ్ సెకనుకు సుమారు 456 మిల్లీమీటర్ల చొప్పున ఒకే తీరుగా సాగకపోతే పాట వణుకుతుంది. ఒకే ఫిల్మ్ ఈ రెండు నడకలూ నడవాలి గనుక కుదుపును ఆ వంపులు మింగుతాయి, మేము లూపులంటాం. సౌండ్ చదివేది గేటు దిగువన కాబట్టి, ప్రింటులోనే శబ్దాన్ని సుమారు 20 ఫ్రేములు ముందుకు జరిపి వేస్తారు. కింది లూపు పెద్దదైతే పెదవులు కదిలాక మాట వినిపిస్తుంది, చిన్నదైతే మాటే ముందు వచ్చేస్తుంది. లూపు పూర్తిగా పోతే రంధ్రాలు చిరుగుతాయి.

ప్రశ్న అడిగినవారు:
ధన్యవాదాలండీ. ఒక్కోసారి తెర మీద కాళ్లు పైనా తలలు కిందా కనిపించడం కూడా లూపు వల్లేనా?

సమాధానం 2 రాసినవారు:
కాదండీ. ఎక్కించేటప్పుడు ఒకటి రెండు రంధ్రాల తేడా వస్తే గేటులో రెండు ఫ్రేముల ముక్కలు నిలుస్తాయి. ఫ్రేమింగ్ మర తిప్పితే సర్దుకుంటుంది. అతుకు దగ్గర రంధ్రాల లెక్క తప్పినా ఇదే జరుగుతుంది. అందుకే ప్రింటు రాగానే రీళ్లు తిప్పుతూ, ఫిల్మ్ అంచును వేళ్ల మధ్య జారనిస్తూ, ప్రతి అతుకునూ తడిమి చూసేవాళ్లం.