పదహారేళ్ల పాపకు ఎల్‌ఎల్‌ఆర్ (బండి నేర్చుకునేవాళ్లకిచ్చే లైసెన్స్) తీయించొచ్చా? తెలిసినవాళ్లు చెప్పండి

రొయ్యల గుంట (ప్రశ్న వేసినవారు) – ఆదివారం రాత్రి 8:40
అందరికీ నమస్కారం. మాది అల్లూరు వైపు పల్లె. పాప కావలిలో ఇంటర్ ఫస్టియర్. పదహారు నిండి నాలుగు నెలలైంది. ఊళ్లో నుంచి హైవే మీద బస్సు ఆగే చోటికి నాలుగు కిలోమీటర్లు. రోజూ పొద్దున నేనే దించి వస్తున్నా. గుంటలకు మేత వేసే టైమూ అదే కావడంతో ఇంట్లో రోజూ టెన్షన్. గేర్లు లేని బండికి పదహారేళ్లకే ఎల్‌ఎల్‌ఆర్ ఇస్తారంట కదా. తీయించమంటారా, పద్దెనిమిది దాకా ఆగమంటారా? మా ఇంట్లో అయితే రెండు పార్టీలయ్యాయి.

బుచ్చి బాబాయ్ – 8:52
తీయించేయండి అన్నా. మావాడికి పోయినేడు తీయించా. సారథి సైట్‌లో అప్లై చేసి, ఒప్పుకుంటున్నట్టు నేను సంతకం పెట్టా, పరీక్ష రాశాడు, వచ్చేసింది. ఇప్పుడు యాక్టివా వేసుకుని ట్యూషన్‌కు వెళ్తున్నాడు.

పాత సి బుక్ – 9:05
బాబాయ్ గారూ, మీవాడు నడిపే యాక్టివా ఎన్ని సీసీ?

బుచ్చి బాబాయ్ – 9:07
సీసీతో పనేంది సార్? గేర్లు లేవు కదా.

పాత సి బుక్ – 9:31
ఇక్కడే అందరూ పొరపడుతున్నారు. 1988 మోటారు వాహనాల చట్టం నాలుగో సెక్షన్ తీయండి. పద్దెనిమిది నిండనివాళ్లు రోడ్డు మీద మోటారు బండి నడపకూడదు. ఒక్కటే మినహాయింపు, ఇంజిన్ 50 సీసీ దాటని మోటార్‌సైకిల్‌ని పదహారు నిండినవాళ్లు నడపొచ్చు. గేర్ల మాట వచ్చేది ఏడో సెక్షన్‌లో. పద్దెనిమిది లోపు పిల్లలకు గేర్లు లేని బండికి ఎల్‌ఎల్‌ఆర్ ఇవ్వాలంటే పెద్దవాళ్లు రాతపూర్వకంగా ఒప్పుకోవాలని అక్కడ ఉంది. జనం ఏడో సెక్షన్ పట్టుకుని నాలుగోది వదిలేశారు.

మరి 50 సీసీ బండి ఏది? టీవీఎస్ 50 ఎప్పుడో పోయింది, లూనా పోయింది. ఎక్సెల్ సూపర్ 69.9. ఎక్సెల్ 100 అయితే 99.7. యాక్టివా 109 పైన. షోరూమ్‌లో ఏ స్కూటర్ దగ్గర నిలబడ్డా మీవాడికి అది నడిపే హక్కు లేదు.

బుచ్చి బాబాయ్ – 9:40
కార్డు మీద 'గేర్లు లేని మోటార్‌సైకిల్' అనే ఉంది సార్, ఇప్పుడే చూశా. 50 అని ఎక్కడా లేదు. నడపకూడదంటే గవర్నమెంటే రాసి ఉండేది కదా.

పాత సి బుక్ – 9:44
రేషన్ కార్డు మీద దొంగతనం చేయకూడదని రాసి ఉంటుందా?

మూలాపేట కుర్రోడు – 9:46
😂😂 రొట్టెల పండగలో లైసెన్స్ రొట్టె కూడా పెట్టాలి. స్వర్ణాల చెరువులో నేనే ముందు దిగి పట్టుకుంటా.

చీమకుర్తి గెలాక్సీ – 10:15
రొయ్యల గుంట గారూ, ఈ సీసీల గొడవ వదిలేసి నా మాట వినండి. పద్దెనిమిది దాకా ఆగండి. అందులోనూ ఆడపిల్ల. హైవే దాకా అంటే రొయ్యల లారీలు, వరికోతల్లో ట్రాక్టర్లు. రెండేళ్లు ఎంతలో అయిపోతాయి? 2019లో చట్టం మార్చాక మైనర్ బండితో నేరం చేస్తే, నాకు తెలియకుండా తీశాడనో, వద్దన్నా తీశాడనో తండ్రి రుజువు చేసుకోలేకపోతే మూడేళ్ల దాకా జైలు, 25,000 జరిమానా. బండి రిజిస్ట్రేషన్ ఏడాది రద్దు. ఆ పిల్లకు ఇరవై అయిదేళ్లు వచ్చేదాకా లైసెన్స్ రాదు. ఇంత రిస్క్ ఎందుకు?

సింహపురి సిరి – 10:22
'అందులోనూ ఆడపిల్ల' అన్నారే, అది ఎన్నో సెక్షన్ అండీ?

చీమకుర్తి గెలాక్సీ – 10:26
మేడమ్, ఉద్దేశం అది కాదు. జాగ్రత్త కోసం అన్నా.

సింహపురి సిరి – 10:58
జాగ్రత్త అనే మాట నాకు బాగా తెలుసు లెండి. మా అన్న తొమ్మిదో తరగతిలో ఉండగానే నాన్న చేతక్ వేసుకుని ట్రంకు రోడ్డంతా తిరిగేవాడు. చేతక్‌కు గేర్లున్నాయి, 50 సీసీ కూడా కాదు. అప్పుడు ఏ సెక్షనూ ఎవరికీ గుర్తు రాలేదు. నేను ఇంటర్‌లో స్కూటీ అడిగితే పద్దెనిమిది రానీ అన్నారు. పద్దెనిమిది వచ్చాక డిగ్రీ అవనీ అన్నారు. డిగ్రీ అయ్యాక అత్తగారింట్లో నేర్చుకో అన్నారు. చివరికి ముప్పై రెండేళ్లకు మినీ బైపాస్‌లో పొద్దున అయిదున్నరకు నా కొడుకు వెనక కూర్చుని 'అమ్మా బ్రేకు, బ్రేకు' అని అరుస్తుంటే నేర్చుకున్నా.

కాబట్టి రెండేళ్లు ఎంతలో అయిపోతాయని నాకు చెప్పొద్దు. ఆడపిల్లలకు ఆ రెండేళ్లు సాగుతూనే ఉంటాయి.

బుచ్చి బాబాయ్ – 11:03
కరెక్ట్ మేడమ్. మరి మా కార్డు చెల్లుతుందా చెల్లదా అది తేల్చండి ఎవరైనా.

పాత సి బుక్ – 11:05
చెల్లుతుంది. 50 సీసీ బండికి.

కర్నూలు రోడ్డు – సోమవారం ఉదయం 6:20
మన దగ్గర ఆడవాళ్లకు బస్సు ఫ్రీ చేశారు కదా. ఇంకా బండి ఎందుకు?

రొయ్యల గుంట – 6:48
అన్నా, ఫ్రీనే. హైవే మీద దొరుకుతుంది కూడా. ఆ హైవే దాకా పోయే నాలుగు కిలోమీటర్లకే మా బాధ. మా ఊరికి వచ్చే పల్లెవెలుగు పాప కాలేజీలో ఫస్ట్ పీరియడ్ అయ్యాక వస్తుంది. అదీ వస్తేనే.

మూలాపేట కుర్రోడు – 7:02
చిన్న ఎలక్ట్రిక్ స్కూటర్ కొనండి అంకుల్. మోటారు 250 వాట్ల లోపు, స్పీడు 25 లోపు ఉండేవాటికి లైసెన్సూ అక్కర్లేదు, రిజిస్ట్రేషనూ అక్కర్లేదు.

రొయ్యల గుంట – 7:10
ఒకటి తెచ్చి చూశాం బాబూ. వానాకాలం గుంట కట్ట మీద మట్టిలో దిగబడింది. మా పాప, వాళ్లమ్మ కలిసి తోసుకుంటూ ఇంటికొచ్చారు.

చీమకుర్తి గెలాక్సీ – ఉదయం 11:30
సిరి మేడమ్ గారూ, రాత్రి మీ మాట చదివాక నిద్ర పట్టలేదు. మీ ఇంట్లో మీకు జరిగిన అన్యాయం కోపమంతా తెచ్చి నా నెత్తిన పెట్టారు. నాకు ఆడపిల్లలు లేరు, ఒక్కడే కొడుకు. ఏ పిల్లలైనా అందరికీ అదే చెప్తా.

సింహపురి సిరి – 11:41
మీ అబ్బాయికి బండి ఎన్నేళ్లకు ఇచ్చారు? నిజం చెప్పండి.

మూలాపేట కుర్రోడు – 11:43
🍿

బుచ్చి బాబాయ్ – మధ్యాహ్నం 12:15
ఆ బొమ్మలు ఎందుకు నాయనా, పెద్దవాళ్లు మాట్లాడుకుంటుంటే.

చీమకుర్తి గెలాక్సీ – మధ్యాహ్నం 2:05
పదిహేనేళ్లకు. పల్సర్. లైసెన్స్ లేదు, ఎల్‌ఎల్‌ఆర్ లేదు, ఏమీ లేదు. పదో తరగతిలో మార్కులు వచ్చాయని నేనే తాళం చేతిలో పెట్టా. మా ఇంట్లో ఎవరూ వద్దనలేదు, చాలా?

పదిహేడేళ్ల రెండు నెలలప్పుడు పొదిలి రోడ్డులో గ్రానైట్ లారీని ఓవర్‌టేక్ చేయబోయి సైకిల్ మీద పోతున్న పెద్దాయన్ని గుద్దాడు. ఆయనకు తుంటి ఎముక విరిగింది. హ్యాండిల్‌కు తగిలించిన క్యారియర్ దొర్లుకుంటూ పోయి లారీ టైరు కింద అప్పడమైంది. రోడ్డు మీద అన్నం, గోంగూర పచ్చడి. మావాడికి ఇప్పటికీ ఇంట్లో స్టీలు గిన్నె కింద పడితే చేతులు వణుకుతాయి.

ఇన్సూరెన్స్ ఉందిగా అనుకున్నా. కంపెనీ వాళ్లు ముందు ఆయనకు కట్టారు. తర్వాత లైసెన్స్ లేనివాడికి బండి ఇచ్చావని ఆ డబ్బంతా నా దగ్గర వసూలుకు వచ్చారు. ఇప్పటికీ కడుతున్నా. పైన మూడేళ్లు, 25,000, ఇరవై అయిదేళ్లు అని రాశానే, అవి నేను పేపర్లో చదివి రాసినవి కావు.

సింహపురి సిరి – 2:20
ఆ పెద్దాయన ఇప్పుడెలా ఉన్నారు?

చీమకుర్తి గెలాక్సీ – 2:24
కర్ర పట్టుకుని నడుస్తారు. ప్రతి సంక్రాంతికీ వెళ్లి కనపడి వస్తా.

సింహపురి సిరి – 2:50
మిమ్మల్ని ఆ ప్రశ్న అడిగిన తీరు బాగాలేదు, ఏమీ అనుకోవద్దు. కానీ నా మాట మాత్రం మారదు. మీవాడికి ఎవరూ నేర్పలేదు, తాళం ఇచ్చారు. నేర్పడం వేరు, తాళం ఇవ్వడం వేరు. పదహారుకు పద్ధతిగా ఎల్‌ఎల్‌ఆర్ తీసి, పక్కన ఉండి నేర్పితే పద్దెనిమిదికి ఆ పిల్ల మీవాడి కంటే బాగా నడుపుతుంది.

చీమకుర్తి గెలాక్సీ – 3:02
మేడమ్, లారీ వాడికి పిల్ల పద్ధతిగా నేర్చుకుందని తెలియదు.

పాత సి బుక్ – 3:15
పద్ధతిగా అంటున్నారు. ఏ బండి మీద నేర్పుతారండీ? మళ్లీ అదే ప్రశ్న. మైనర్‌కు ఎల్‌ఎల్‌ఆర్ ఉండి, అది చెల్లే బండే నడుపుతుంటే తండ్రి మీద ఆ శిక్ష పడదు. యాక్టివా నడిపితే ఆ రక్షణ పోయినట్టే. అందుకే నిన్నటి నుంచి 50 సీసీ, 50 సీసీ అని కొట్టుకుంటున్నా.

రొయ్యల గుంట – సాయంత్రం 6:30
అందరూ ఇంత ఓపిగ్గా చెప్తున్నారు కాబట్టి దాచడం బాగుండదు. సంక్రాంతికే స్కూటర్ కొన్నాం. 125. పాప గుంట కట్టల మీద నేర్చుకుంది, రెండు వారాల నుంచి హైవే దాకా తనే వెళ్లి అక్కడ టీ కొట్టు పక్కన పెట్టి బస్సెక్కుతోంది. మొన్న మలుపు దగ్గర పోలీసులు నిలబడి ఉంటే పాప బండి దిగి తోసుకుంటూ పోయిందంట. అది విన్నాక భయమేసి ఎల్‌ఎల్‌ఆర్ ఉంటే చేతిలో ఏదో కాగితం ఉంటుంది కదా అని అడిగా. మా ఇంట్లో రెండు పార్టీలన్నానే, వద్దనేది పాపే. అబద్ధం కార్డు నాకొద్దు నాన్నా అంటుంది.

మూలాపేట కుర్రోడు – 6:33
పాప సూపర్.

సింహపురి సిరి – 6:50
అన్నా, నేను నిన్నటి నుంచి మీ పాప తరఫున కొట్లాడుతున్నా అనుకున్నా. మీరు అడిగింది పాప నేర్చుకోవడం గురించి కాదు, పోలీసులకు చూపించే కాగితం గురించా?

బుచ్చి బాబాయ్ – 6:58
అందరం దాని కోసమే తీస్తాం మేడమ్. మీరు కొత్తగా మాట్లాడుతున్నారు.

సింహపురి సిరి – 7:04
నేను దాని కోసం తీయలేదు బాబాయ్. ముప్పై రెండేళ్లకు ఎనిమిది వేసి, రెండుసార్లు ఫెయిలై, మూడోసారి పాసై తీసుకున్నా.

ఎల్ బోర్డు – రాత్రి 8:10
ఇప్పుడే చదివా. నేను నెల్లూరులో ఇరవై ఏళ్లుగా డ్రైవింగ్ నేర్పుతున్నా. ఇన్ని సెక్షన్లు చెప్పినవాళ్లు ఒక్కటి చెప్పలేదే. ఎల్‌ఎల్‌ఆర్ ఉన్నవాళ్లు ఒంటరిగా నడపకూడదు. లైసెన్స్ ఉన్న మనిషి వెంట ఉండాలి. బండికి ముందూ వెనకా తెల్ల పలక మీద ఎర్ర ఎల్ ఉండాలి. నేర్పే మనిషిని తప్ప ఇంకెవరినీ ఎక్కించుకోకూడదు. ఎల్‌ఎల్‌ఆర్ ఆరు నెలలు చెల్లుతుంది, ముప్పై రోజుల తర్వాత ట్రాక్ టెస్టుకు వెళ్లొచ్చు. పాస్ అయ్యాకే ఒంటరిగా.

రొయ్యల గుంట – 8:21
అంటే పాప నడుపుతుంటే రోజూ నేను వెనక కూర్చోవాలా?

ఎల్ బోర్డు – 8:23
మీరో, లైసెన్స్ ఉన్న ఇంకొకరో.

రొయ్యల గుంట – 8:25
నేనే వెళ్లేటట్టయితే నాకు ఇదంతా ఎందుకు సార్? మేత టైమ్ మళ్లీ పాయె.

చీమకుర్తి గెలాక్సీ – 8:40
మేత ఒక గంట ఆలస్యమైతే రొయ్య చావదు.

రొయ్యల గుంట – 8:44
మీరు గ్రానైట్ వాళ్లు. మీకు రొయ్య సంగతి తెలియదు లెండి.

సింహపురి సిరి – 9:02
ఆ స్కూటర్ తాళం మాత్రం ఇవాళే మీ దగ్గర పెట్టుకోండి అన్నా. ఈ ఒక్క విషయంలో నేనూ గెలాక్సీ గారూ ఒకే మాట.

చీమకుర్తి గెలాక్సీ – 9:04
అంతవరకు ఒప్పుకుంటా. ఎల్‌ఎల్‌ఆర్ విషయంలో ఒప్పుకోను.

రొయ్యల గుంట – 9:30
తాళం తీసుకున్నా. పాప ఏమీ అనలేదు, వాళ్లమ్మే అలిగింది. రేపు ఏడుంబావుకు మళ్లీ నేనే దించాలి. మా తమ్ముడిని మేత వేయడానికి రమ్మన్నా.

ఇంకో మాట. మా నాయన నడిపిన టీవీఎస్ 50 ఒకటి గొడ్ల చావిట్లో గడ్డి కింద ఉంది. ఏపీ 26 నంబర్ కూడా కాదు, అంతకు ముందుది. కిక్ కొడితే కదులుతుంది.

పాత సి బుక్ – 9:31
సి బుక్ ఉందా? పదిహేనేళ్లు దాటాక రెన్యువల్ చేయించారా? ఇంజిన్ నంబర్ మీద తుప్పు తుడిచి ఫోటో పెట్టండి. రేపు కాదు, ఇప్పుడే.