గ్రేడియంట్ అటువైపే ఎందుకు చూపిస్తోంది?

ఎక్స్ స్క్వేర్ ప్లస్ 3 వై స్క్వేర్ అనే ఫంక్షన్‌కి (1, 1) దగ్గర గ్రేడియంట్ (ఫంక్షన్ విలువ అన్నిటికంటే వేగంగా పెరిగే దిశని చూపే వెక్టర్) (2, 6) వచ్చింది. (3, 4) దిశలో డైరెక్షనల్ డెరివేటివ్ (ఆ దిశలో విలువ ఎంత వేగంగా పెరుగుతుందో చెప్పేది) ముందు 30 వచ్చింది; వెక్టర్‌ని దాని పొడవు 5తో భాగించడం మర్చిపోయానని తెలిసి సరిచేస్తే 6. ఇక్కడిదాకా బాగానే ఉంది.

అర్థం కానిది ఇది. ఈ గిన్నె లాంటి ఉపరితలానికి అడుగు (0, 0) దగ్గరే కదా. మరి అడుగు నుంచి సూటిగా దూరం జరిగే (1, 1) దిశలోనే ఎత్తు అన్నిటికంటే వేగంగా పెరగాలి అనుకున్నాను. లెక్క వేస్తే అటు సుమారు 5.66, గ్రేడియంట్ వైపు 6.32! కాస్ థీటా (థీటా అంటే గ్రేడియంట్‌కి, మనం వెళ్లే దిశకి మధ్య కోణం) 1 అయినప్పుడు డాట్ ప్రోడక్ట్ గరిష్ఠమన్న రుజువు తెలుసు, కానీ బొమ్మ కళ్లకు కట్టడం లేదు. లెవెల్ కర్వ్ (ఫంక్షన్ విలువ ఒకటే ఉండే బిందువుల గీత) వృత్తం కాకుండా దీర్ఘవృత్తం కావడమే కారణమా? రెండు రోజులుగా గీస్తూనే ఉన్నాను, ఎవరైనా కాస్త వివరించండి ప్లీజ్.