ఫొటోలో తాత పక్కనున్న అడ్మిరల్ ఎవరు?

మాది తిరుపతి. మా తాత 1971 యుద్ధం అప్పుడు విశాఖలో నేవీ సెయిలర్. ఆయన ట్రంకుపెట్టెలో ఒక నలుపు తెలుపు ఫొటో దొరికింది, వెనక పెన్సిల్‌తో ‘అడ్మిరల్ సార్‌తో, విశాఖ’ అని మాత్రమే ఉంది, ఆఫీసరు భుజం మీద గుర్తులున్న చోట చెమ్మ తగిలి మరక పడింది. అప్పుడు తూర్పు నౌకాదళ కమాండ్ మొత్తానికి అధిపతి వైస్ అడ్మిరల్ ఎన్. కృష్ణన్, విక్రాంత్‌తో సహా ఓడలన్నిటినీ సముద్రంలో నడిపించింది రియర్ అడ్మిరల్ ఎస్.హెచ్. శర్మ అని చదివాను. ఇద్దరూ అడ్మిరల్ సార్లే, ఎలా తేల్చాలి? టోపీని బట్టో చొక్కా మీది రిబ్బన్లను బట్టో చెప్పొచ్చా? నేవీలో చేసినవాళ్లు ఉంటే దయచేసి చెప్పండి. తాత లేరు, అవ్వకు ఎనభై దాటాయి, ఆమె కళ్లు బాగుండగానే పేరు రాయించి ఫ్రేము కట్టించి చేతికివ్వాలి.