తాతయ్య వ్యవసాయం నోటుబుక్కు: ఆ క్లాసులు ఎక్కడ జరిగి ఉంటాయి?

అందరికీ నమస్కారం. మేముండేది చెన్నైలో, సొంతూరు బాపట్ల దగ్గర. మొన్న ఇల్లు సర్దుతుంటే తాతయ్య 1938 నాటి నోటుబుక్కు దొరికింది. పచ్చిరొట్ట ఎరువుగా వేసే పిల్లిపెసర ఎప్పుడు చల్లాలి, పూత దశలో ఎలా కలియదున్నాలి, అంతా తెలుగులో, ఎవరో చెబుతుంటే రాసుకున్నట్టు ఉంది. ఒక పేజీలో నాలుగు గింజలు ఇంకా అతుక్కునే ఉన్నాయి. చూడగానే కళ్ళు చెమర్చాయి.

నా సందేహం ఇదీ. మద్రాసు ప్రభుత్వం 1868లో సైదాపేటలో పెట్టిన వ్యవసాయ పాఠశాల 1906లో కోయంబత్తూరుకి వెళ్ళిపోయింది. (నేను రోజూ ట్రైన్ ఎక్కేది ఆ సైదాపేటలోనే!) బాపట్ల కాలేజీ వచ్చింది 1945లో. నిడుబ్రోలులో రైతు నాయకుడు ఎన్.జి. రంగాగారి రైతాంగ విద్యాలయం ఉండేది కానీ, అక్కడ ఎక్కువగా రైతు ఉద్యమానికి కార్యకర్తల్ని తయారుచేసేవారు. మరి అయిదో తరగతితో చదువు ఆపేసిన మా తాతయ్యకి ఈ పాఠాలు చెప్పిందెవరు? వ్యవసాయ శాఖవాళ్ళు ఊళ్ళకొచ్చి చెప్పేవారా? బడి పంతులుగారా?

మీ ఇళ్ళల్లో పెద్దవాళ్ళెవరైనా ఇలాంటి క్లాసుల గురించి చెప్పారా? చెన్నై ఎగ్మోర్‌లోని తమిళనాడు ప్రభుత్వ ఆర్కైవ్స్‌లో పాత వ్యవసాయ శాఖ ఫైళ్ళు చూసినవాళ్ళుంటే, ఏ పేరుతో అడగాలో దయచేసి చెప్పండి. అమ్మకి ఎనభై దాటాయి, ఆవిడ ఉండగానే తెలుసుకోవాలని ఉంది.