5.8 కిలోల పిల్లికి రోజుకు ఎన్ని కేలరీలు పెట్టాలి? సంచి మీద లెక్క లేదు

గోడమీదపిల్లి:
మగపిల్లి, మూడేళ్లు, న్యూటరింగ్ (పిల్లలు పుట్టకుండా ఆపరేషన్) అయింది, అపార్ట్‌మెంట్ దాటి బయటికి పోడు. బరువు 5.8 కిలోలు, రెండు నెలలుగా అంతే ఉన్నాడు. పక్కటెముకలు చేతికి తగలవు, పైనుంచి చూస్తే నడుము కనిపించదు. డాక్టర్ గారు శరీర స్కోరు 9కి 8 వేసి, బరువు తగ్గించమన్నారు. ఇప్పుడు పెడుతున్నది పొద్దున ఒక కప్పు, రాత్రి ఒక కప్పు డ్రై ఫుడ్ (కప్పు తూస్తే 40 గ్రాములు), మధ్యాహ్నం 60 మి.లీ. గేదె పాలు. సంచి మీద ప్రోటీన్ 30, కొవ్వు 10, పీచు 4, తేమ 10 శాతం అని ఉంది కానీ కేలరీలు వేయలేదు. ఎన్ని గ్రాములు పెట్టాలో లెక్క కట్టడం ఎలా?

తూకంరాయి:
ముందు సంచి సంగతి చూద్దాం. మీరిచ్చిన నాలుగు అంకెలకు బూడిద (యాష్) ఇంకో 8 శాతం కలపండి. డ్రై ఫుడ్‌కి సుమారుగా అంతే ఉంటుంది. మొత్తం 62. నూటిలో మిగిలిన 38 పిండి పదార్థం. గ్రాము ప్రోటీన్‌కి 3.5, కొవ్వుకి 8.5, పిండికి 3.5 కేలరీలు వేసుకోండి: 105 + 85 + 133 = 323. అంటే 100 గ్రాములకు 323 కేలరీలు. సంచి మీద ప్రోటీన్, కొవ్వు 'కనీసం' అని రాస్తారు కాబట్టి నిజంగా ఉండేది ఇంకాస్త ఎక్కువే కావచ్చు.

80 గ్రాములకు 258, గేదె పాలకు దాదాపు 60. వాడిప్పుడు తింటున్నది రోజుకు 320 దాకా.

ఇక అవసరం. విశ్రాంతిలో ఖర్చయ్యే శక్తి = 70 × (బరువు కిలోల్లో, 0.75 ఘాతం). ఫోన్ కాలిక్యులేటర్‌లో ఘాతం మీట లేకపోయినా ఫర్వాలేదు. బరువును మూడుసార్లు గుణించి, వర్గమూలం మీట రెండుసార్లు నొక్కి, 70తో గుణించండి. న్యూటరింగ్ అయిన పెద్ద పిల్లికి దాన్ని 1.2తో, కాని పిల్లికి 1.4తో హెచ్చిస్తారు. 5.8 కిలోలకు 262 × 1.2 = 314. మీవాడు తింటున్నదీ దాదాపు అంతే, అందుకే బరువు కదలడం లేదు.

చాలామంది తప్పు చేసేది ఇక్కడే. తగ్గించాలనుకున్నప్పుడు ఇప్పటి బరువుతో కాదు, ఉండాల్సిన బరువుతో లెక్క కట్టాలి. స్కోరు 5 అంటే సరైన బరువు, అది దాటిన ప్రతి అంకెకు సుమారు 10 శాతం అదనపు బరువు. 8 అంటే 30 శాతం. 5.8ని 1.3తో భాగిస్తే 4.5 కిలోలు. దానికి 4.5 × 4.5 × 4.5 = 91.1, వర్గమూలం 9.55, మళ్లీ వర్గమూలం 3.09, × 70 = 216. బరువు తగ్గడానికి దాన్ని 0.8తో హెచ్చిస్తే 173 కేలరీలు. మీ డ్రై ఫుడ్‌లో 53 గ్రాములు.

మూగజీవి_నేస్తం:
లెక్క సరైనదే కానీ, 320 నుంచి ఒక్కసారిగా 173కి దించకండి. లావు పిల్లి రెండు మూడు రోజులు తినడం మానేస్తే ఒంట్లో కొవ్వంతా కాలేయానికి చేరి ప్రాణం మీదికి వస్తుంది. కుక్కకు లేని ప్రమాదం ఇది. ఆకలికి లొంగుతుందిలే అని తిండి ఆపడం పిల్లి విషయంలో ఎప్పుడూ పనికిరాదు.

మొదటి వారం పాలు మానేయండి, అదొక్కటే 60 కేలరీలు. పెద్ద పిల్లులకు లాక్టోజ్ (పాలలోని చక్కెర) సరిగా అరగదు కూడా. రెండో వారం నుంచి 216 కేలరీలు, అంటే 67 గ్రాములు. రెండు వారాలు చూసి బరువు కదలకపోతేనే ఇంకా తగ్గించండి. మామూలు ఫుడ్‌నే 53 గ్రాములకు దించితే కేలరీలతో పాటు ప్రోటీన్, టారిన్ (పిల్లికి తిండిలోంచే అందాల్సిన పోషకం), విటమిన్లు కూడా తగ్గిపోతాయి. అక్కడిదాకా వెళ్లాల్సివస్తే బరువు తగ్గడానికే తయారుచేసిన ఫుడ్ ఏదో డాక్టర్‌ని అడిగి మార్చండి.

కప్పు పక్కన పెట్టేయండి. కొంచెం నిండుగా పోస్తే 40 గ్రాములు 48 అవుతుంది. పూటకు 26 కేలరీలు తేడా, రెండు పూటలకైతే 52. వంటింటి డిజిటల్ కాటా మీద పొద్దున్నే రోజు మొత్తానికి తూచి డబ్బాలో పోసుకుని, ఇంట్లో ఎవరు పెట్టినా అందులోంచే పెట్టాలి.

పిల్లిని తూచడం ఇంకో చిక్కు. వారానికి 1 శాతం, అంటే 58 గ్రాములు తగ్గితే చాలు. 2 శాతం దాటకూడదు. మనం ఎత్తుకుని నిలబడే కాటాల్లో చాలావాటికి 100 గ్రాముల మెట్లు ఉంటాయి, అంత చిన్న తేడా తెలియదు. పసిపిల్లల్ని తూచేది మేలు. రెండు వారాలకోసారి ఒకే వేళకి, తిండికి ముందు తూచండి. ఫార్ములా సగటు లెక్కే. ఒక్కో పిల్లికి సగం దాకా తేడా ఉంటుంది, చివరికి కాటా చెప్పిందే నమ్మాలి. 1.3 కిలోలు తగ్గడానికి ఐదారు నెలలు పడుతుంది.

గోడమీదపిల్లి:
ధన్యవాదాలండి. 67తో మొదలుపెడతాను. డ్రై ఫుడ్ తగ్గించి పౌచ్ గానీ ఉడికించిన చికెన్ గానీ పెట్టొచ్చా?

తూకంరాయి:
పౌచ్ పెట్టొచ్చు, మంచిది కూడా. నీళ్లెక్కువ కాబట్టి తక్కువ కేలరీలకే కడుపు నిండుతుంది. లెక్క పైదే: ప్రోటీన్ 8, కొవ్వు 3, పీచు 1, తేమ 84, బూడిద 2 అనుకుంటే 100 గ్రాములకు 60 కేలరీలు, 85 గ్రాముల పౌచ్‌కి 51. అది పెట్టిన రోజు డ్రై ఫుడ్‌లో 16 గ్రాములు తీసేయండి.

చికెన్ మాత్రం రోజు కేలరీల్లో పదో వంతు దాటనివ్వకండి. తోలూ ఎముకా లేని ఉడికిన బ్రెస్ట్ 100 గ్రాములకు 165 కేలరీలు, మీకు 22 వస్తాయి కాబట్టి 13 గ్రాములు. వట్టి మాంసంలో కాల్షియం చాలదు, అందుకే ఆ హద్దు. మన కూరలోంచి తీసి కడిగి పెట్టొద్దు. ఉల్లి, వెల్లుల్లి పిల్లి ఎర్ర రక్తకణాలను పగలగొడతాయి, కడిగినంత మాత్రాన ఆ రసం పోదు.

మూగజీవి_నేస్తం:
ఒక్క మాట. ఈ గుణకాలు కూనలకు వేయకండి, పెరిగే వయసులో వాటికి 2.5 దాకా కావాలి. కొత్త తిండి పెట్టాక మీవాడు ఒక రోజంతా ముట్టకపోతే, పాతది తిరిగి పెట్టి అదే రోజు డాక్టర్‌కి ఫోన్ చేయండి.