అప్‌డేట్: వింటూ ఇంగ్లీష్ నేర్చుకోవడం, రెండు నెలల తర్వాత

చదివితే అర్థమయ్యే ఇంగ్లీష్ వింటే ఎందుకు అర్థం కాదని అడిగాను కదా, పర్లాకిమిడి నుంచి. ఇంట్లో తెలుగు, బజార్లో ఒడియా, ఇంగ్లీష్ మాత్రం పుస్తకాల్లోనే.

మీరు చెప్పినట్టే బీబీసీ వాళ్ల 6 నిమిషాల ఆడియో పాఠాలు పట్టుకున్నా. ముందు ఉత్తినే వినడం, తర్వాత రాసింది చూస్తూ వినడం, ఆపైన వాళ్ల వెనకే గొంతు కలపడం. "డిడ్ యూ" అనేది "డిజ్జూ" అయిపోతుందట, "వాంట్ టు" ఏమో "వాన్నా"! వాళ్లు సగం మింగేస్తుంటే నేను అక్షరం అక్షరం వెతుక్కుంటున్నా, ఇక దొరికేదెక్కడ?

నా గొంతు రికార్డు చేసి వింటే సిగ్గేసింది. ప్రతి మాట చివరా ఒక "ఉ" తగిలిస్తున్నా: బస్సు, బుక్కు, మిల్కు. అదింకా పోలేదు.

మొన్న ఫోన్ ఇంటర్వ్యూలో మాత్రం "మళ్లీ చెప్పండి" అని ఒక్కసారే అడిగా.