చలిచీమలో ‘చలి’ ఏమిటి?

ల్యాబ్‌కోటు:
రెండు రోజులుగా ఒక పద్యపాదం నోటి చివర ఆడుతోంది గానీ పూర్తిగా రావడం లేదు. ‘బలవంతమైన సర్పము చలిచీమలకు చిక్కి చావదె’ అని ఏదో. వచ్చే వారం పీహెచ్‌సీ నర్సులకు, ఆశా కార్యకర్తలకు యాంటీబయాటిక్స్ గురించి ఒక గంట చెప్పాలి. మొదటి స్లైడులో ఈ పద్యం పెడదామని నా ఆశ. పెన్సిలిన్ పాము, బ్యాక్టీరియా చీమలు. పాదం సరిగ్గా ఏమిటో ఎవరైనా చెప్పండి. అట్లాగే చలిచీమ అంటే ఏ చీమ? బొమ్మ పెట్టాలి, వెతికితే అన్నీ ఎర్రచీమలే వస్తున్నాయి.

పుత్తూరు అయ్యవారు:
అమ్మా, ‘చలిచీమలకు చిక్కి’ అనగానే కందపద్యం కాలు విరిగింది. ‘చలిచీమల చేత చిక్కి చావదె సుమతీ’. గణాలు చూడండి: చలిచీ, మలచే, తచిక్కి, చావదె, సుమతీ. నడిమిది ‘తచిక్కి’ జగణం, అంటే లఘువు, గురువు, లఘువు. అక్కడ జగణమో, నాలుగు లఘువుల నలమో పడి తీరాలి. గణానికి నాలుగు మాత్రలే ఉండాలి, మీ పాఠంలో రెండో గణమే ‘మలకుచిక్’ అని ఐదు మాత్రలయింది. యతి చ-చా సరిపోయింది కాబట్టి మీ చెవికి తప్పు తెలియలేదు.

అలిపిరి మెట్లు:
పాదం అయ్యవారు తేల్చేశారు, చలి నేను తేలుస్తా. చలించేది చలి. ఒక్కచోట నిలవకుండా తిరుగుతూనే ఉండే చీమ. సింపుల్.

పుత్తూరు అయ్యవారు:
చలించని చీమను నువ్వెక్కడైనా చూశావా తమ్ముడూ? అన్ని చీమలూ తిరుగుతాయి. పైగా చీమ అచ్చ తెనుగు. దాని ముందుకు సంస్కృత ధాతువును లాక్కొచ్చి అతికిస్తే గోడకు కొట్టిన పిడకలా ఉంటుంది, ఎండగానే ఊడిపోతుంది.

చిత్తూరు మామిడి:
మాది తమిళనాడు సరిహద్దు. అటువైపు వాళ్లు చిన్న చీమను సిత్తెరుంబు అంటారు. సిరు అంటే చిన్న, ఎరుంబు అంటే చీమ. మన చలి కూడా ఆ సిరు నుంచే వచ్చి ఉంటుందని నా నమ్మకం. చలిచీమ అంటే చిన్నచీమ, అంతే. పెద్ద పాముకు ఎదురుగా చిన్న చీమ, అర్థం కూడా కుదిరింది గదా.

పుత్తూరు అయ్యవారు:
అర్థం కుదిరినంత మాత్రాన పుట్టుక కుదరదు. సిరుకు తెలుగులో చిఱు ఉంది, చిఱునవ్వు ఉంది. ఆ ఱ ఎక్కడ, ఈ ల ఎక్కడ? నా అనుమానం చెప్తా, కొట్టిపారెయ్యకండి. కందంలో నాలుగు పాదాలకీ రెండో అక్షరం ఒకటే ఉండాలి. బలవంతుడ, పలువురతో, బలవంతమైన. మూడింట్లోనూ ల. మొదటి అక్షరం లఘువు. కవికి నాలుగో పాదంలో లఘువు మీద ల ఉన్న చీమ కావాలి. గండుచీమ పనికిరాదు, ఎర్రచీమ పనికిరాదు, నల్లచీమలో ల ఉన్నా ద్విత్వమై కూర్చుంది. దొరికింది చలిచీమ ఒక్కటే. అది ఏ చీమ అని మనం కొట్టుకుంటున్నాం గానీ, ప్రాసకు పనికొచ్చిన చీమ అని ఎందుకు అనుకోకూడదు?

శ్రీకాళహస్తి కలంకారీ:
అయ్యవారూ, అంటే సుమతీ శతకం రాసిన బద్దెన ప్రాస కోసం చీమను పుట్టించాడనా? మా అవ్వ పద్యం చదువుకోలేదు గానీ చలిచీమ అనేది. కుట్టని నల్లచీమ అది, ఒంటి మీద పాకితే చల్లగా జరజరమంటుంది. కుట్టేది మంటచీమ, కుట్టనిది చలిచీమ. మంటకు ఎదురు చలి. ఇంత తేలిగ్గా ఉన్నదాన్ని వదిలి తమిళనాడు దాకా ఎందుకు పోవడం?

అలిపిరి మెట్లు:
అక్కా, కుట్టని చీమ పామును ఎట్లా చంపుతుంది? మీ అవ్వ మాట నిజమైతే పద్యమే పడిపోతుంది.

పుత్తూరు అయ్యవారు:
మంచి ప్రశ్న. అన్నట్టు సుమతీ శతకం బద్దెనదే అని అంత ధీమాగా రాయకండమ్మా. అది అనుకోవడమే, తేలిన మాట కాదు.

ల్యాబ్‌కోటు:
అందరికీ థాంక్స్. ఇదంతా చదివాక అసలు పోలికే తప్పేమో అనిపిస్తోంది. మందుకు లొంగని బ్యాక్టీరియా ఈ పామును కుట్టి చంపదు. పెన్సిలిన్‌లో నాలుగు మూలల చిన్న వలయం ఒకటి ఉంటుంది, బీటా లాక్టమ్ వలయం అంటాం. మూడు కర్బనాలు, ఒక నత్రజని. బ్యాక్టీరియా తన గోడ అల్లుకునే యంత్రానికి ఈ వలయం పోయి పట్టుకుంటుంది, గోడ ఆగిపోతుంది, బ్యాక్టీరియా పగిలిపోతుంది. అంటే పాముకు కోర ఎట్లాగో మందుకు ఈ వలయం అట్లా. లొంగని బ్యాక్టీరియా తయారుచేసుకునే బీటా లాక్టమేజ్ అనే ఎంజైము ఒక నీటి అణువును తెచ్చి ఆ వలయాన్ని తెంపేస్తుంది. పాము పాములాగే ఉంటుంది, కోర ఉండదు. తెంపాక ఎంజైము చెక్కుచెదరదు, ఇంకోదాని మీదికి పోతుంది. గట్టి ఎంజైమైతే సెకనుకు వందల అణువులు. కాబట్టి పద్యం బదులు ‘కోరలు తీసిన పాము’ అని పెడితే సరిపోతుందా?

శ్రీకాళహస్తి కలంకారీ:
పాము అంటే మా ఊరిది వదిలేసి ఎక్కడెక్కడి పాములో ఎందుకమ్మా! శ్రీ అంటే సాలెపురుగు, కాళ అంటే పాము, హస్తి అంటే ఏనుగు. మా ధూర్జటి అడిగాడు చూడు, ‘ఏ వేదంబు పఠించె లూత? భుజగం బే శాస్త్రముల్ సూచె?’ అని. సాలెపురుగు ఏ వేదం చదివింది, పాము ఏ శాస్త్రం చూసింది, ఏనుగు ఏ విద్య నేర్చింది. మీ బ్యాక్టీరియాకు ఈ పద్యమే సరి. ఏ కాలేజీలో చదివి ఆ వలయం తెంపడం నేర్చుకుంది? కోర తియ్యడానికి పాములవాడికైనా గురువు ఉంటాడు.

ల్యాబ్‌కోటు:
అక్కా, మీరు సరదాకు అన్నారు గానీ ఇది నిజంగా అట్లాగే జరిగింది. ఆక్స్‌ఫర్డ్‌లో ఆబ్రహం, చైన్ అనే ఇద్దరు పెన్సిలిన్‌ను పాడుచేసే ఎంజైము బ్యాక్టీరియాలో ఉందని రాసింది 1940 డిసెంబరులో. అక్కడ పెన్సిలిన్‌తో వైద్యం చేయించుకున్న మొదటి రోగికి ఇంజెక్షన్ ఇచ్చింది 1941 ఫిబ్రవరిలో. మందు మనిషి ఒంట్లోకి దిగకముందే విరుగుడు ఉంది. మట్టిలో బూజులూ బ్యాక్టీరియా మన పుట్టుకకు ముందు నుంచీ కొట్టుకుంటున్నాయి గదా, అక్కడ నేర్చింది.

అలిపిరి మెట్లు:
యాంటీబయాటిక్ అంటే మన యల్లాప్రగడ సుబ్బారావు గారి పేరు లేకుండా ఎట్లా? 1948లో ఆరియోమైసిన్ బయటికొచ్చింది ఆయన నడిపిన లెడర్లీ ల్యాబ్ నుంచే.

ల్యాబ్‌కోటు:
వచ్చింది అన్నా, మట్టిలో దాన్ని పట్టింది అక్కడే పనిచేసిన డగ్గర్. కానీ అది టెట్రాసైక్లిన్ జాతి. అందులో ఈ నాలుగు మూలల వలయమే లేదు, ఈ ఎంజైము దాన్ని ముట్టుకోదు. దానికి వేరే రకం దొంగలున్నారు.

మందుల షాపు:
ఇందాకటి నుంచి చదువుతున్నా. నా కౌంటర్ దగ్గర పాము, చీమ అని ఎవరూ అడగరు మేడమ్. ‘625 రెండు మాత్రలివ్వన్నా’ అంటారు, అదొక యాంటీబయాటిక్ మాత్ర. చీటీ అడిగితే, పోయినసారి చీటీ ఇంట్లో ఉంది అంటారు. రెండు మాత్రలకు జ్వరం తగ్గితే ఆపేస్తారు. తగ్గకపోతే మళ్లీ వచ్చి ‘మందు నా ఒంటికి అలవాటైపోయింది, ఇంకా పవర్ ఉండేదివ్వు’ అంటారు. మీరు స్లైడులో ఈ అలవాటు మాటకు జవాబు పెట్టండి ముందు.

ల్యాబ్‌కోటు:
అదే నా అసలు తలనొప్పి అన్నా. అలవాటు పడింది ఒళ్లు కాదు, బ్యాక్టీరియా. మన పుస్తకాల్లో దీన్ని ‘ఔషధ నిరోధకత’ అంటారు. పోయినేడు ఇదే మాట బోర్డు మీద రాసి పావుగంట చెప్పాక ఒక ఆశా అక్క లేచి, ‘నిరోధకత పెరిగితే మంచిదే గదా మేడమ్, కోవిడప్పుడు పెంచుకోమనే గదా చెప్పారు’ అంది. నేను బోర్డు వైపు, ఆమె వైపు చూస్తూ నిలబడిపోయా. తప్పు ఆమెది కాదు. రోగ నిరోధక శక్తి, ఔషధ నిరోధకత. రెండింట్లోనూ అదే మాట, ఒకటి మన బలం, ఇంకోటి మన శత్రువు బలం. ఈసారి ఆ మాట రాయను. మందుకు మొండికేసిన బ్యాక్టీరియా అని రాద్దామనుకుంటున్నా. బాగుందా?

పుత్తూరు అయ్యవారు:
మొండికేయడం బాగుంది. కానీ చూడండి, మొండి అంటే పెంకితనం ఒక్కటే కాదు. మొండికత్తి అంటే పదును లేని కత్తి. మొండిచెయ్యి అంటే తెగిపోయిన చెయ్యి. మీరు చెప్పిన ప్రకారం తెగింది మందు వలయం, పదును పోయింది మందుకు. అప్పుడు మొండి ఎవరు? బ్యాక్టీరియా మొండికేసింది, మందు మొండిబారింది. ఒకే మాట ఇద్దరికీ సరిపోతోంది. నిరోధకతలో ఈ రుచి ఉందా చెప్పండి.

చిత్తూరు మామిడి:
అయ్యవారూ, ఇది మాత్రం ఒప్పుకుంటున్నా. మా తోటలో కొమ్మలు కొట్టే కత్తి మొండిబారితే సానబెట్టిస్తాం. మందుకు సాన ఉందా మేడమ్?

ల్యాబ్‌కోటు:
ఒకరకంగా ఉంది. షాపు అన్న చెప్పిన 625లో 500 మిల్లీగ్రాములు అమాక్సిసిలిన్, 125 క్లావులానిక్ ఆమ్లం. ఈ 125 తనంతట తాను పెద్దగా ఏ బ్యాక్టీరియానూ చంపదు. దానికీ అలాంటి వలయమే ఉంటుంది. ఎంజైము మందనుకుని దాన్ని తెంపబోయి ఇరుక్కుపోతుంది, వదిలించుకోలేదు. ఈలోపు అమాక్సిసిలిన్ పని చేసుకుపోతుంది. ప్లేటు మీద చూడాలి మీరు. బ్యాక్టీరియాను పెంచే గడ్డి రంగు జెల్లీ, అగార్ అంటాం, దాని మీద బ్యాక్టీరియా తెల్లటి పొరలా పరుచుకుని ఉంటుంది, మందు అద్దిన చిన్న కాగితం బిళ్లల చుట్టూ గుండ్రంగా ఖాళీ. క్లావులానిక్ ఉన్న బిళ్ల పక్కన ఇంకో మందు బిళ్ల పెడితే, దాని చుట్టూ ఉన్న ఖాళీ గుండ్రంగా ఉండక ఇటువైపు సాగి పాతకాలం తాళంకప్ప రంధ్రంలా అవుతుంది. ఇంకా తొందరగా చూడాలంటే నైట్రోసెఫిన్ బిళ్ల మీద కాస్త బ్యాక్టీరియా రుద్దుతాం. ఎంజైము ఉంటే పసుపు కాస్తా ఎర్రబడుతుంది. పసుపులో సున్నం కలిపినట్టే.

శ్రీకాళహస్తి కలంకారీ:
పారాణి! ఆ ఫోటో పెట్టమ్మా స్లైడులో, చీమ ఎందుకింక.

మందుల షాపు:
మరి 625 కూడా పనిచెయ్యని కేసులు వస్తున్నాయంటున్నారు?

ల్యాబ్‌కోటు:
అన్ని ఎంజైములూ ఆ ఎరకు పడవు. జింకు పట్టుకుని పనిచేసే రకం ఒకటుంది, దానికి క్లావులానిక్ లెక్కే కాదు. చివరి అస్త్రం అనుకునే కార్బపెనెమ్‌లను కూడా తెంపుతుంది. అందులో పేరుమోసింది ఎన్‌డీఎం. ఎన్‌డీ అంటే న్యూఢిల్లీ. 2008లో స్వీడన్‌లో ఒక రోగి దగ్గర దొరికింది, ఆయన అంతకుముందు న్యూఢిల్లీలో వైద్యం చేయించుకున్నాడు. 2010లో ఈ పేరు మీద మన దేశంలో పెద్ద గొడవే అయింది. పైగా ఈ జన్యువు ప్లాస్మిడ్ అనే చిన్న డీఎన్ఏ చుట్ట మీద ఉంటుంది, ఒక బ్యాక్టీరియా పక్కదానికి చేబదులు ఇచ్చినట్టు ఇచ్చేస్తుంది. చుట్టరికం కూడా అక్కర్లేదు.

అలిపిరి మెట్లు:
గొడవ ఎందుకు? మన ఇంటిపేర్లలో సగం ఊళ్ల పేర్లే. తాళ్ళపాక అన్నమయ్యకు ఊరి పేరు ఉంటే కీర్తి, ఎంజైముకు ఉంటే అవమానమా?

పుత్తూరు అయ్యవారు:
అన్నమయ్యకు ఊరు ఇంటిపేరయింది. దీనికి ఆస్పత్రిలో పడుకున్న ఊరు ఇంటిపేరయింది. తేడా లేదా నాయనా?

ల్యాబ్‌కోటు:
టెమ్ అని ఇంకో పాత ఎంజైము ఉంది, 1960లలో ఏథెన్స్‌లో దొరికింది. దానికి ఏకంగా రోగి పేరులోని మొదటి అక్షరాలే పెట్టారు. ఊరే నయం.

పుత్తూరు అయ్యవారు:
మనం దారి తప్పాం. నాకు ఇందాకటి నుంచి ఒకటి తొలుస్తోంది. ‘చేత చిక్కి’ అన్నప్పుడు చిక్కి అంటే దొరికిపోయి అనే అందరూ చదువుతాం. చిక్కిపోవడం అంటే సన్నబడటం కూడా గదా. చీమల వల్ల చిక్కి, అంటే కొంచెం కొంచెంగా తరిగిపోయి చావదా అని చదివితే? అప్పుడు ‘చేత’ చెయ్యి కాదు, తృతీయా విభక్తి. కుట్టని చలిచీమకు కూడా దారి దొరుకుతుంది. కుట్టి చంపడం లేదు, అరగదీసి చంపుతోంది. సెకనుకు వందల అణువులు అని ఆ అమ్మాయి చెప్పిందే అది.

చిత్తూరు మామిడి:
పాము చిక్కిపోయి చావడమా! అయ్యవారూ, ఇందాక నా సిరును కొట్టేసి ఇప్పుడు మీరు దీన్ని ఎట్లా తెచ్చారు?

పుత్తూరు అయ్యవారు:
నీది శబ్దం కుదరలేదు. నాది గణం కూడా కుదిరింది.

అలిపిరి మెట్లు:
గణం మీరు ఏమనుకున్నా కుదురుతుంది సార్, అక్షరాలు మారలేదు గదా.

ల్యాబ్‌కోటు:
స్లైడులో పాదం రాసేశా, పక్కన ఎర్రబడిన బిళ్ల ఫోటో పెట్టేశా. కింద ‘మందుకు మొండికేసిన బ్యాక్టీరియా’ అని రాశా. చీమ బొమ్మకు మాత్రం చోటు ఖాళీగా ఉంది. ఎవరైనా ఏ చీమో తేల్చండి ప్లీజ్.

శ్రీకాళహస్తి కలంకారీ:
మా వంటింట్లో చక్కెర డబ్బా చుట్టూ నల్లవి తిరుగుతున్నాయి. ఫోటో తీసి పెడతా ఉండు.

పుత్తూరు అయ్యవారు:
ఫోటో వద్దమ్మా. చేతి మీద పాకించుకుని, చల్లగా ఉందో లేదో చెప్పండి.